అమ్మీ హిస్సా

మా అమ్మీ సొంత తమ్ముళ్ల మీద గోదావరిఖని కోర్టులో తక్‌సీమ్ దావా వేసిందని బిరాదరీలో కొందరు ఇప్పటికీ మొహం తిప్పుకుంటారు. ఆడబిడ్డ పుట్టింటి గడపను కోర్టుకు ఈడ్చిందట! ఆ గడపలో ఆమెకూ హిస్సా ఉందా అని మాత్రం ఎవరూ అడగలేదు.

మర్హూమ్ నానా బొగ్గుబాయిలో పనిచేసి, రిటైరయ్యాక వచ్చిన పైసలతో 200 గజాల్లో ఇల్లు కట్టారు. నానీ ఆయనకంటే ముందే పోయారు. మిగిలిన వారిసులు అమ్మీ, పెద్దమామూ, చిన్నమామూ. సూరె నిసా లెక్కన కొడుక్కి రెండు, కూతురికి ఒకటి. అంటే అయిదింట అమ్మీది ఒకటి, 40 గజాలు. మామూల జవాబు ఒకటే: "ఆపాకు షాదీలో జహేజ్ ఇచ్చాం కదా!" జహేజ్‌ను మీరాస్‌లోంచి కోసుకోమని ఏ షరియత్‌లో ఉందో! సెహ్రీ, ఇఫ్తార్ టైములు నిమిషాలతో సహా చెప్పేవాళ్లకు ఈ ఒక్క మసలా తెలియదు.

పేషీలు నడుస్తూనే ఉన్నాయి. పంచడానికి వీల్లేని ఇంటిని వేలం వేసి పైసలు పంచే దారి 1893 నాటి పార్టిషన్ చట్టంలో ఉందని వకీల్‌సాబ్ చెప్పాక మామూలిద్దరూ కాస్త మెత్తబడ్డారు. కేసు లోక్ అదాలత్‌కు పోయింది.

సాలార్‌జంగ్ మ్యూజియం సర్కారుకు దక్కిందీ ఇలాంటి రాజీతోనే. 1949లో మీర్ యూసుఫ్ అలీఖాన్ ఔలాద్ లేకుండా పోయాక, ఆయన ఖజానా చివరికి వారిసుల రాజీ డిక్రీతోనే ప్రభుత్వం చేతికి వచ్చింది. మా నానా జాయిదాద్‌లో పగుళ్ల గోడలు తప్ప ఏమున్నాయి? ఆ పగుళ్ల మీదే అసలు బేరం. "ఓపెన్‌కాస్ట్ బ్లాస్టింగులకు గోడలు నెర్రెలిచ్చాయి, ఈ ఇంటికి ధరెక్కడిది?" అన్నారు పెద్దమామూ. అమ్మీ తొణకలేదు. "అయితే ఆ ధరకే నేను తీసుకుంటా. మీ హిస్సాల పైసలు మీరు తీసుకోండి."

అందరూ గప్‌చుప్.

ఆ తర్వాత ధర దానంతటదే పెరిగింది. అమ్మీ అడిగినంత కాదు, కొంత దిగింది. కానీ కాగితంలో "అయిదింట ఒకటి" అన్న మాట ఉండాల్సిందేనని పట్టుబట్టింది. మామూల తరఫు ముసాయిదాలో మాత్రం "అక్క ప్రేమతో హక్కు వదులుకుంది" అని ఉంది. ఇష్టపూర్వకంగానే సంతకం పెడుతున్నావా అని జడ్జిగారు అడిగితే అమ్మీ అంది: "ధర తగ్గించుకున్నా సాబ్. హిస్సా మాఫ్ నై కరీ." ఆ వాక్యం కొట్టేసి మళ్లీ రాశారు.

లోక్ అదాలత్ అవార్డు 1987 చట్టం ప్రకారం కోర్టు డిక్రీతో సమానం. అప్పీలుండదు, కట్టిన కోర్టు ఫీజు వాపస్ వస్తుంది. అందుకే సంతకానికి ముందే ప్రతి అక్షరం చదవాలి, చదువురాని ఆడవాళ్లకు చదివి వినిపించాలి. మా పేపర్లలో "ఇన్ని కేసులు పరిష్కారం" అని అంకె వేస్తాం. ఎవరు ఏం వదులుకున్నారో ఆ అంకెలో కనబడదు.

పైసలు రెండు కిస్తుల్లో, తారీఖులతో సహా రాయించాం. రెండో చెక్కు పెద్దమామూ తనే తెచ్చారు. అమ్మీ చాయ్ ఇచ్చింది, చెక్కు మీద అంకె రెండుసార్లు చూసుకుంది. చిన్నమామూ ఇంకా రావడం లేదు.