తాతగారి తఖ్తీ

మా ఇంటిలో ఎవరూ చదవని పలక ఒకటి ఉండేది. దాదీమా దానిని ఆకుపచ్చని గుడ్డసంచిలో పెట్టి గోడగూటిలో భద్రపరచేది. పరీక్షకు బయలుదేరే ప్రతిసారీ ఆ సంచిని కళ్ళకద్దుకొని పోవడం నాకు అలవాటు. అది మా దాదాజాన్ చిన్ననాటి తఖ్తీ. దానిమీద ఏదో దుఆ వ్రాసి ఉన్నదని ఇంటిల్లిపాదీ నమ్మేవాళ్ళం.

పాఠకమిత్రులలో తఖ్తీని చూడనివారు ఉండవచ్చు. అది పిడి గల చెక్కపలక. ముల్తానీ మట్టిని నీటిలో కలిపి దానికి పూసి, ఎండలో ఆరబెట్టి, రెల్లుకలమును సిరాలో ముంచి వ్రాస్తారు. పై వరుస గురువుది, క్రింది వరుసలు శిష్యునివి. పాఠం ముగిసిన తరువాత కడిగి, మరల మట్టి పూసి, మరునాటి పాఠానికి సిద్ధం చేయాలి.

మా ఇళ్ళలో బిడ్డకు 4 సంవత్సరాల 4 నెలల 4 రోజులు నిండినప్పుడు బిస్మిల్లా వేడుక చేస్తారు. పూలహారం వేసి, కొత్త బట్టలు తొడిగి, గురువు ఎదుట కూర్చోబెడతారు. కలిగినవారు వెండి తఖ్తీ, వెండి కలం చేయిస్తారు. జాఫర్ షరీఫ్ రచనను హెర్క్‌లాట్స్ ఆంగ్లంలోకి తెచ్చి 1832లో లండన్‌లో ప్రకటించిన ‘ఖానూనె ఇస్లాం’లో దక్కను ముస్లింల ఆచారాల నడుమ ఈ వేడుక కూడా వర్ణింపబడింది. నా తెలుగు మిత్రుని తమ్మునికి బాసరలో అక్షరాభ్యాసం జరిగినప్పుడు నేనూ వెంట వెళ్ళాను. పళ్ళెంలో బియ్యం పరచి, పిల్లవాని వేలు పట్టి వ్రాయించారు. పళ్ళెం కాస్త కదలగానే అక్షరం చెదిరిపోయింది. దానికి ఎవరూ విచారించలేదు.

నాకూ ఒక వెండి తఖ్తీ ఉండేది. ఇంటర్మీడియట్ ఫీజు గడువునాడు అది వెండి దుకాణానికి పోయింది. అయితే నా బాధ వెండి గురించి కాదు. నేను చదివినది తెలుగు మాధ్యమంలో. మార్కాపురం పలకమీద బలపంతో దిద్దినవాణ్ణి. ఉర్దూ మాట్లాడుతానే గాని చదవలేను. ఈ సంచికను ఎడమ అట్టనుండి తెరిస్తే తెలుగు, కుడి అట్టనుండి తెరిస్తే ఉర్దూ. ఆ కుడివైపు పుటలను మిత్రుల ఎదుట చదువుతున్నట్లు నటిస్తూ త్రిప్పిన సందర్భాలు అనేకం. ఇంతకాలం ఎవరికీ చెప్పలేదు.

గత చలికాలంలో అక్క కూతురి బిస్మిల్లా నిశ్చయమైంది. వెండి తఖ్తీ కొనే స్తోమత లేదు. “గూట్లో ఉన్నది కదా, కడిగి ఇవ్వండి” అన్నది దాదీమా. అందరం నిర్ఘాంతపోయాము. దాదాజాన్ చేతివ్రాత మాకు మిగిలినది అదొక్కటే. పైగా దుఆను కడగడమా? ముందు దానిని చదివించుకొని వస్తానని నేను బయలుదేరాను.

నయాపూల్ పేరుకే కొత్త వంతెన. 1578 నాటి పురానాపూల్ ఎగువన ఉన్నందున దీనికి ఆ పేరు నిలిచింది. వంతెన దాటి, హైకోర్టు భవనాన్ని వెనుక విడిచి, ఛత్తాబజార్ చేరాను. అక్కడ అడుగడుగునా శుభలేఖల అంగళ్ళు. ఒకప్పుడు ఆ శుభలేఖలను కాతిబులు చేత్తో వ్రాసేవారు. 1981లో నూరీ నస్తాలీఖ్ అనే అక్షరరూపం యంత్రాలకు అమరిన పిమ్మట వారి పని క్రమంగా కంప్యూటరు పాలైంది. వెతుకగా మేడమెట్ల క్రింద ఒక వృద్ధ కాతిబ్ దొరికారు.

ఆయన తఖ్తీని వెలుతురుకు ఏటవాలుగా పట్టి చాలాసేపు చూశారు.

“ఇది దుఆ కాదు బేటా. జీమ్. అన్నీ జీమ్‌లే.”

నేను నోరు తెరిచాను. ఆయన వేలితో చూపించారు. అక్షరాన్ని కలపు మొన వేసే చుక్కలతో కొలుస్తారట. నస్తాలీఖ్‌లో అలిఫ్ ఎత్తు మూడు చుక్కలు. జీమ్ కడుపు గుండ్రన కుదరక మా దాదాజాన్ తిరిగి తిరిగి వ్రాశారు. గురువు ఎర్రసిరాతో చుక్కలు పెట్టి దిద్దారు. చివరి వరుస సగంలో ఆగిపోయింది.

“ఇంతకాలం ఎందుకు కడగలేదు?” అని అడిగారాయన. నా వద్ద సమాధానం లేదు. చదివినందుకు డబ్బు ఇవ్వబోతే, పిల్లకు రెల్లుకలం ఒకటి చెక్కి చేతిలో పెట్టారు.

ఇంటికి వచ్చి అదే ప్రశ్న దాదీమాను అడిగాను. ఆమెకు అన్నీ తెలుసు. “ఆ రాత్రి వాళ్ళ అబ్బా పోయారు. తెల్లవారి నుంచి మీ దాదా నయాపూల్ దగ్గర దుకాణంలో పనికి కుదిరాడు. మళ్ళీ బడికి పోతే కదా కడగడానికి!”

“మరి దుఆ అని ఎందుకు చెప్పావు?”

“నేనెప్పుడు చెప్పాను? మీరే కళ్ళకద్దుకున్నారు.”

మరునాడు దాబామీద నేనే కడిగాను. అంతకుముందు ఫోనుతో ఒక ఫోటో తీసుకొన్నాను, దాదీమాకు చెప్పలేదు. తొలి చెంబు నీళ్ళకు మట్టి వదలలేదు. రెండవ చెంబుకు అక్షరాలు గోధుమరంగుగా కరిగి జారినవి. ఆ నీటిని దాదీమా దానిమ్మ మొక్క మొదట్లో పోయించింది. కొత్త మట్టి పూసే పని మాత్రం ఎవరికీ ఇవ్వలేదు, తానే పూసింది.

వేడుకనాడు మేనకోడలు సిరా అంతా అంగీమీద పోసుకొన్నది. ఇప్పుడు ప్రతి సాయంకాలం ఆ తఖ్తీమీద పై వరుస అక్కది, రెండవది ఆ పిల్లది, అడుగు వరుస నాది. జీమ్ వద్దకు నిన్ననే వచ్చాము. నా జీమ్‌కు కూడా కడుపు కుదరడం లేదు.