తడి నెరుగు బద్దలు

మా గోదావరి మండలములలో శ్రావణ భాద్రపదములు వచ్చినచో ఇల్లాండ్రకు బట్టలారుటయే పెద్ద చింత. 1852లో ధవళేశ్వరపు ఆనకట్ట పూర్తియైనది మొదలు కాలువలు ఈ డెల్టాయంతట అల్లుకొని యున్నవి. ఆ సౌభాగ్యముతోబాటు, వరిచేలు నీట నిలిచిన వానకాలమున గాలియంతయు చెమ్మయే. చెమ్మతో నిండిన గాలి బట్టలలోని తడిని అంతగా పుచ్చుకొనజాలదు. వసారాలోని దండెముపై రెండు దినములున్నను పంచె పచ్చిగనే యుండును. మా యత్తగారికి ఉబ్బసము. ముక్కవాసన వేయు బట్ట కట్టిన రాత్రి ఆమెకు నిద్ర యుండదు. అందుచే వ్యయమునకు వెనుదీయక డ్రయ్యరు తెచ్చుకొంటిమి.

గత శ్రావణమున ఆ యంత్రము కొలది నిమిషములకే బట్టలారినవని గంట కొట్టి నిలిచిపోవ మొదలిడెను. తీసి చూడ తువాళ్లు తడితోనే యుండెను. మరమ్మతునకు వచ్చినతడు సెన్సారు చెడినదనియు, క్రొత్తది వేయవలెననియు చెప్పెను. అతడు చెప్పిన వెల బడిపంతులుగారి జీతముపై గడచు సంసారమునకు భారమే. రూక లిచ్చుటకు ముందు కారణ మరయుట మేలని తలచితిమి.

సోదరీమణులారా, ఈ సెన్సారు పని తెలిసికొనుట కష్టము కాదు. అనేక యంత్రములలో తలుపు లోపలి యంచున, పీచు పట్టు జల్లెడ సమీపమున, రెండు లోహపు బద్దలుండును. తడిబట్ట రెంటిని ఒక్కసారి తాకినపుడు స్వల్పమైన విద్యుత్తు ఒకదానినుండి మరొకదానికి ప్రసరించును. బట్ట ఆరిన కొలది ఆ ప్రసారము తగ్గును. అంతట యంత్రము పని ముగిసినదని యెంచును. బట్టలను మెత్తపరచుటకై పోయు ద్రవపు జిడ్డుగాని, బోరునీటి తెల్లని పొరగాని బద్దలపై పేరుకొన్నచో, బట్ట తడిగా నున్నను ప్రసారము సాగదు. అప్పుడు యంత్రము తొందరపడి ఆగును.

దోష మెచ్చట నున్నదో కనుగొనుట కొక యుపాయము గలదు. సెన్సారుతో నడపక, కాలము నిర్ణయించి నడపవలెను. బట్టలు చక్కగ ఆరినయెడల వేడియు గాలియు సరిగనే యున్నవన్నమాట. మేమట్లు చేయగా తువాళ్లు పెళపెళలాడుచు ఆరెను. పిమ్మట ప్లగ్గు తీసి, తొట్టి చల్లారిన తరువాత, మెత్తని గుడ్డను వెనిగరులో ముంచి పిండి, బద్దలను మెల్లగ తుడిచితిమి. గుడ్డకు జిడ్డు నల్లగ అంటెను. తడిగుడ్డతో మరల తుడిచి, పొడిగుడ్డతో నొత్తితిమి. ఇత్తడి చెంబులవలె ఇసుకతోగాని ఇనుపపీచుతోగాని వీనిని తోమరాదు, గీతలు పడును. నాటినుండి తువాళ్లు పూర్తిగ ఆరినగాని యంత్రము నిలుచుట లేదు. క్రొత్త సెన్సారుతో పనిలేకపోయెను.

మరి రెండు మాటలు. ఒకటి రెండు రవికలు మాత్రమే వేసినచో అవి బద్దలను తాకక తొట్టిలో తిరుగును. వానికి తోడుగా రెండు తడి తువాళ్లు చేర్చవలెను. పలుచని చీరలను దళసరి దుప్పట్లను కలిపినచో దుప్పట్ల మడతలలో తడి మిగులును. యంత్ర మెంతకును ఆగనిచో ముందుగా పీచుజల్లెడ చూడవలెను; అది మూసికొనిపోయినచో గాలి యాడదు. ఇవన్నియు చేసినను గుణము కానరానిచో, తీగ ఊడియుండవచ్చును. యంత్రము వెనుక రేకు విప్పుట మన పని కాదు. అప్పుడే పనివానిని పిలిపించి, మనము చేసిన పరీక్షలను అతనికి వరుసగ చెప్పవలెను.