ఇక్కడ తీగ దాచరు!

హీరోగారు కొండ అంచు పట్టుకుని వేలాడుతున్నారు. కింద అగాధం! పైన విలన్ బూటుకాలు హీరో వేళ్ళమీద! హాల్లో మనం కుర్చీచేతులు గట్టిగా పట్టుకుని ఊపిరి బిగించి కూర్చున్నాం. ఆ క్షణంలో మన కంటపడకూడనిది ఒక్కటే ఒక్కటి... తీగ! పూర్వం సన్నటి తీగలు వాడి, వెనకున్న రంగులో కలిసిపోయేట్టు నానా తంటాలూ పడేవారు. ఇప్పుడు లావుపాటి తాళ్ళే కట్టి, ఆనక కంప్యూటర్లో చెరిపేస్తున్నారు. పద్ధతి ఏదైతేనేం, తీగ కనిపించిందా షాటు పోయినట్టే!

అలాంటిది, తీగే హీరో అయిన చోటు ఒకటుంది. అక్కడ తీగని ఎవరూ దాచరు. పైపెచ్చు, దాన్ని వదిలితే గైడు ఊరుకోరు. దానిపేరు 'వియా ఫెర్రాటా'. ఇటాలియన్ భాషలో 'ఇనుపదారి' అని అర్థం. నిలువు కొండకి పొడుగునా ఉక్కుతీగ బిగించి, అక్కడక్కడ మేకులూ, మెట్లూ, నిచ్చెనలూ అమర్చిన దారన్నమాట. కొండలెక్కడంలో ఓనమాలు రానివాళ్ళు కూడా గైడు తోడుంటే, తమని తాము ఆ తీగకి తగిలించుకుని ఎక్కొచ్చు.

"నీకేం పనయ్యా అక్కడ?" అంటారా? నన్నెరిగినవాళ్ళంతా అదే అడిగారు. మూడో అంతస్తు బాల్కనీలో టీ ఇస్తే కప్పు పుచ్చుకుని గోడవైపు జరిగే మనిషిని నేను!

కారణం ఉంది. సినిమావాళ్ళ గురించి రాసి పొట్టపోసుకునేవాణ్ణి కనక కృష్ణానగర్లో నాకు తెలియని టీకొట్టు లేదు. అక్కడే పరిచయమయ్యాడు ఒక ఫైటరు. పేరు వద్దన్నాడు, కనక రాయను. ఎందరో హీరోలకు డూప్‌గా మేడలమీంచి దూకినవాడు. ఒక షూటింగులో రోప్ షాటు తేడా వచ్చి పడ్డాడు. తుంటి విరిగింది. ఆరునెలలు మంచం. ఇప్పుడు పైన ఎగిరేవాళ్ళు వేరు, కింద నిలబడి తాడు పట్టేవాళ్ళలో ఇతనొకడు.

"దూకేముందు నీకు భయం వెయ్యదా?" అని అడిగాను ఒకరోజు.

అతను నవ్వాడు. "భయం లేనోనికి మా మాస్టరు తాడు కట్టడన్నా. ఇంటికి పొమ్మంటడు."

"భయపడేవాడు దూకేదెట్లా మరి?"

"అది చెప్తే ఎట్ల తెలుస్తది? నువ్వొకసారి కట్టుకొని సూడు. మీ రాసెటోళ్ళు ఎన్నడూ కట్టుకోరు గద!"

మాట సూటిగా తగిలింది. ఎంతమంది హీరోల 'సాహసాల' మీద ఎన్ని పేజీలు నింపానో! ఒక్కసారైనా నేల వదిలి రాసిన పాపాన పోలేదు.

కిందటి సెప్టెంబరులో మ్యూనిక్‌లో ఉద్యోగం చేస్తున్న మా పిన్నికొడుకు దగ్గరికి వెళ్ళాను. "అన్నయ్యా, కారులో నాలుగైదు గంటలు వెళితే డోలమైట్ కొండలు. గైడుని కూడా మాట్లాడేస్తాను" అన్నాడు. తమ్ముడి ముందు కాదనలేను కదా! తెల్లారేసరికి ఇటలీలో కోర్తినా దాంపెజ్జో అనే ఊరికి ప్రయాణం కట్టాం.

అన్నట్టు, ఈ ఊరు మనకి కొత్తేం కాదు. రోజర్ మూర్ జేమ్స్‌బాండ్‌గా 1981లో వచ్చిన 'ఫర్ యువర్ ఐస్ ఓన్లీ'లో ఆ మంచుమీది వెంటాటలు ఇక్కడ తీసినవే. 1993లో వచ్చిన స్టాలోన్ 'క్లిఫ్‌హ్యాంగర్' గుర్తుందా? కథ జరిగేది అమెరికా కొండల్లో. కొండలు మాత్రం చాలావరకు ఇక్కడివి! అందులో కనిపించే వేలాడే వంతెన ఈ ఊరి పక్కనున్న క్రిస్టాల్లో కొండమీది వియా ఫెర్రాటాలో భాగమే. పొడుగు 27 మీటర్లు. ఆ సినిమా మొదట్లో ఒకమ్మాయి నడుముపట్టీ బకిల్ ఊడి లోయలో పడిపోతుంది చూడండి, ఆ పట్టీని ఆ సన్నివేశం కోసమే ప్రత్యేకంగా మార్చామని సినిమా చివరి టైటిల్స్‌లో వేసుకోవాల్సి వచ్చింది. మరి, అసలు పట్టీలు అలా ఊడిపోతాయనుకుంటే ఎవరు కొంటారు?

తెరమీద కనిపించని సంగతి ఇంకొకటి. బాండ్ సినిమాకి ఇక్కడి మంచుకాలువలో బాబ్‌స్లెడ్ దృశ్యం తీస్తుండగా పావొలో రిగోన్ అనే స్టంట్ కుర్రాడు ప్రాణం పోగొట్టుకున్నాడు. వయసు 23 ఏళ్ళు. బాండ్‌కి అభిమానులు కోట్లలో ఉన్నారు. ఈ కుర్రాడి పేరు మనలో ఎంతమంది విన్నాం?

ఇంతకీ ఈ ఇనుపదారులు ఎవరి సరదా కోసమో పుట్టలేదు. 19వ శతాబ్దంలోనే ఆల్ప్స్‌లో అక్కడక్కడ కొండలకి ఇనుము దిగ్గొట్టారు. కాని డోలమైట్స్‌లో ఇన్ని దారులు వెలియడానికి కారణం మొదటి ప్రపంచయుద్ధం. 1915లో ఇటలీ యుద్ధంలోకి దిగాక ఈ శిఖరాలమీద ఇటలీ సైనికులూ, ఆస్ట్రియా-హంగరీ సైనికులూ ఎదురెదురుగా మకాం వేశారు. తుపాకులూ తిండీ పైకి చేర్చడానికి తాళ్ళు, నిచ్చెనలు బిగించుకున్నారు. ఎదురుగా కనిపించే లగజువోయ్ కొండనైతే లోపల సొరంగాలు తవ్వి మందుగుండుతో పేల్చారు. 1917 చివరిదాకా ఇదే బతుకు. యుద్ధం పోయింది. దారులు మిగిలాయి. తర్వాత పర్వతారోహకులు వాటికి ఉక్కుతీగలు వేసి బాగుచేసుకున్నారు.

మేం ఎక్కింది అవెరావ్ అనే కొండ. ఎత్తు 2,649 మీటర్లు. కంగారుపడకండి, అంతా తీగమీద కాదు! మొదట చెయిర్‌లిఫ్ట్. అంటే తీగకి వేలాడే కుర్చీ. అది 'చింక్వే తొర్రి' అనే అయిదు రాతిబురుజుల దగ్గర దింపింది. అక్కడ యుద్ధంనాటి కందకాలు ఇప్పటికీ జనం చూడ్డానికి ఉంచారు. అక్కడినుంచి అరగంట నడక. ఆ పైన తీగ భాగం దాదాపు వంద మీటర్లు. కొత్తవాళ్ళని తీసుకొచ్చే దారే అన్నారు. కింద నిలబడి చూస్తే మాత్రం నాకలా అనిపించలేదు!

మా గైడు నలభై దాటిన ఒకావిడ. మాటలు తక్కువ. నెత్తిన హెల్మెట్, చేతులకి గ్లవ్స్, నడుముకీ తొడలకీ హార్నెస్ బిగించింది. హార్నెస్ ముందు రెండు సాగేపట్టీలు, వాటి చివర రెండు కొక్కేలు. రెండూ తీగకి తగిలించాలి. ప్రతి నాలుగైదు అడుగులకీ తీగని కొండకి పట్టి ఉంచే మేకొకటి వస్తుంది. అక్కడ ఒక కొక్కెం తీసి మేకుకి అవతల తగిలించాలి. అది తగిలాకే రెండోది తియ్యాలి. ఒక్క క్షణమైనా రెండూ ఊడి ఉండకూడదు. ఇదే సర్వం. పాఠం మొత్తం ఇంతే!

"జారితే ఈ పట్టీలు పట్టేస్తాయిగా?" అన్నాను ధైర్యం తెచ్చుకుని.

ఆవిడ హార్నెస్‌కున్న చిన్న సంచీ తట్టి చూపించింది. అందులో మడతలుపెట్టి కుట్టిన గట్టి పట్టీ ఉంది. మనిషి పడితే ఆ కుట్లు ఒక్కొక్కటే తెగుతూ పడే విసురుని మింగేస్తాయి. నలభై కిలోల నుంచి నూటఇరవై కిలోల మనిషిదాకా సరిపోయేలా తయారుచేస్తారట. "కాని జారితే ఆగేది అక్కడ కాదు, కింది మేకు దగ్గర. దారిలో రాయి తగుల్తుంది. ఇది మీ ప్రాణం కాపాడొచ్చు, మీ కాలుకి మాత్రం హామీ ఇవ్వదు. అందుకని, పడొద్దు!" అంది.

అదే బాండ్ సినిమాలో గ్రీసుదేశపు కొండమీంచి బాండ్‌ని తన్నే షాటు గుర్తొచ్చింది నాకు. పడింది డూప్ రిక్ సిల్వెస్టర్. ఒక్కసారిగా ఆగితే నడుం విరుగుతుందని, తాడు రెండో కొసని ఇసుకబస్తాలకి కట్టారు. ఆ బస్తాలు తొట్టెలో ఈడ్చుకుంటూ పోయి విసురుని తగ్గించాయి. కుట్లపట్టీ చేసేదీ అదే పని. తేడా అల్లా, ఆయన పడ్డానికే వెళ్ళాడు. నేను పడకుండా రావాలి!

ముందు ఆవిడ, వెనక మా తమ్ముడు, ఆ వెనక నేను. రెండు మేకుల మధ్య ఒక్కరే ఉండాలి కనక తమ్ముడు పైకి కదిలేదాకా నేను ఆగాలి. మొదటి పది అడుగులు గమ్మత్తుగా ఉంది. టక్, టక్... కొక్కెం చప్పుడు. చేతులతో తీగని లాగొద్దు, కాళ్ళతో ఎక్కమని ఆవిడ పైనుంచి చెబుతోంది. చేతులు అయిదు నిమిషాల్లో అలిసిపోతాయట.

సగం దూరంలో రాయి నున్నగా, నిలువుగా వచ్చింది. వేలమంది బూట్లు అరగదీసిన రాయి. అక్కడ ఎడమకాలు తనంతట తాను వణకడం మొదలెట్టింది. నేను ఆపమంటున్నా, అది ఆగనంటోంది! కొండలెక్కేవాళ్ళు దీనికి 'కుట్టుమిషన్ కాలు' అని ముద్దుపేరు పెట్టుకున్నారట. కింద ఎవరో జర్మన్ దంపతులు ఓపిగ్గా నిలబడి ఉన్నారు. గొంతు తడారిపోయింది. ఇంట్లో అమ్మ మొహం కళ్ళముందు మెదిలింది.

"కిందికి చూడొద్దు" అంటుందనుకున్నాను. అనలేదు. "మడమ కిందికి దించండి. మీ కొక్కెం చూడండి. మూసుకుందా?" అంది.

మడమ దించాను. వణుకు తగ్గింది. కొక్కెం చూశాను. మూసుకునే ఉంది. రెండోదీ చూశాను. మళ్ళీ మొదటిది చూశాను. చెయ్యి చాచి పై మేకు అవతల తగిలించాను... టక్! ఆ చప్పుడంత కమ్మని సంగీతం నేనింతవరకు ఏ ఆడియో ఫంక్షన్లోనూ వినలేదంటే నమ్మండి!

కృష్ణానగర్ మాట అప్పుడు అర్థమైంది. భయం పోలేదు. పైకెక్కేదాకా నాతోనే ఉంది. కాని అంతవరకు ఊరికే అరుస్తున్న భయానికి ఒక పని దొరికింది. కొక్కెం చూడ్డం, మళ్ళీ చూడ్డం. భయంలేని మనిషయితే రెండోసారి చూడడు. మాస్టరు తాడు కట్టనిది అతనికే!

తీగ అయిపోయాక రాళ్ళదారి, ఆ తర్వాత శిఖరం. చుట్టూ కొండలే కొండలు. దూరంగా మర్మొలాదా తెల్లగా మెరుస్తోంది. తమ్ముడు ఫోటోలమీద ఫోటోలు తీశాడు. గైడు మటుకు ఆకాశం చూస్తోంది. మధ్యాహ్నం మబ్బు పడితే పిడుగుల భయం. ఇనుపతీగ దగ్గర అసలు ఉండకూడదు. కనక పావుగంటలో దిగుడు.

దిగడం అదే దారిన. ఎక్కేటప్పుడు పట్టు కళ్ళముందుంటుంది. దిగేటప్పుడు కాలు పెట్టే చోటు కనపడదు. కాలితో తడిమి వెతుక్కోవాలి. ఎక్కడానికి పట్టినదానికన్నా ఎక్కువసేపే పట్టింది. ఫోటో ఒక్కటీ లేదు!

హైదరాబాదు వచ్చాక అందరూ శిఖరంమీది ఫోటోలు చూసి "అబ్బో" అన్నారు. కృష్ణానగర్ మిత్రుడు మాత్రం ఫోటోలు పక్కన పెట్టి, "ఎక్కిన సంగతి సరే, దిగేటప్పుడు ఎట్లుండె?" అన్నాడు. అంతమందిలో ఆ ప్రశ్న అడిగినవాడు అతనొక్కడే.

చెప్పాను. శ్రద్ధగా విన్నాడు.

"అక్కడ తాడు ఎవరు పట్టిన్రు?"

"ఎవరూ లేరు. మేకులు కొండలోకి దిగ్గొట్టి ఉన్నాయి. కొండే పట్టుకుంది."

"కొండ యాడ పడ్తదన్నా? ఆ మేకు కొట్టినోడు ఒకడుంటడు గద!"

నిజమే. ఎవరో మంచు కరిగాక వచ్చి, మేకు మేకూ తట్టిచూసి, తుప్పుపట్టినది మార్చి వెళ్ళి ఉంటారు. వాళ్ళ చేతిపని మీదే ఆ పూట నా బతుకు వేలాడింది. పేరు అడగాలని కూడా నాకు తోచలేదు.

సినిమాలో తీగ కనిపించకూడదు. అది తప్పు కాదు, అది వాళ్ళ పనితనం. కాని ఈసారి తెరమీద ఎవరైనా వేలాడినప్పుడు హీరోగారికి వెయ్యాల్సిన ఈలలు వేసెయ్యండి, అందులో ఒక్కటి మాత్రం మిగుల్చుకోండి. చివర్లో పేర్లు గబగబా పైకి పోతుంటాయి చూడండి, లైట్లు వెలిగి జనం లేచి పోతున్నప్పుడు... దాన్ని అక్కడ వెయ్యండి!