శేషం లేని పంచాంగం

నా ఫాంటసీ నవలలో కథ కంటే ముందు పుట్టింది క్యాలెండర్. ఏడాదికి 360 రోజులు. పన్నెండు నెలలు, నెలకు 30 రోజులు, వారానికి పది రోజులు. ఆకాశంలో ఇద్దరు చందమామలు: పెద్దవాడు 30 రోజులకోసారి, చిన్నవాడు 12 రోజులకోసారి నిండుతారు. ఎక్కడా భిన్నం లేదు, శేషం లేదు. ఆ పట్టిక చూసుకుని మురిసిపోయాను. నవల చెడింది అక్కడే.

కథంతా ఒక జోస్యం మీద నడుస్తుంది. ఇద్దరు చందమామలూ ఒకే రాత్రి నిండే జంట పున్నమి అరవై ఏళ్లకోసారి వస్తుంది, ఆ రాత్రి సింహాసనం చేతులు మారుతుంది. రాతప్రతి చదివిన ఒక లెక్కల మాస్టారు పక్కన ఇలా రాశారు: "30కీ 12కీ క.సా.గు. 60 కదండీ. మీ జంట పున్నమి ఏడాదికి ఆరుసార్లు వస్తుంది." రెండు నెలలకో రాజు మారే రాజ్యం నాది! ఎనిమిదో తరగతి లెక్క చూసుకోకుండా ఇతిహాసం రాయబోయాను.

చందమామలతో ఇంకో తప్పూ చేశాను. పున్నమి చంద్రుడు సూర్యుడికి ఎదురుగా ఉంటాడు కాబట్టి పొద్దుగూకే వేళకే తూర్పున పొడుస్తాడు. నడిరాత్రి పొడిచేది బహుళ అష్టమి నాటి సగం చంద్రుడు. నా నాయిక మాత్రం అర్ధరాత్రి సముద్రంలోంచి లేచే నిండు జాబిల్లిని చూసి కన్నీళ్లు పెట్టుకుంది. ఇలాంటి చిక్కు మహామహులకే తప్పలేదు. 'ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్' రాస్తున్న టోల్కీన్ తన కథలో చంద్రుడు ఒకచోట ఉదయిస్తూ, అదే సమయానికి ఇంకోచోట అస్తమిస్తున్నాడని 1944లో కొడుకు క్రిస్టఫర్‌కు ఉత్తరం రాశాడు. వెనకటి అధ్యాయాల్లో కొంత తిరగరాసి సరిదిద్దుకున్నాడు.

ఇవన్నీ దిద్దుకోగలిగిన తప్పులే. దిద్దడానికి లొంగనిది వేరే ఉంది. నా రాజ్యంలో రాజు సైతం భయపడే గణకుల మఠం ఒకటి పెట్టాను. పండుగ ఎప్పుడో, దండయాత్ర ఎప్పుడో వాళ్లే చెప్పాలి. కానీ నెలకు సరిగ్గా 30 రోజులుండి, ప్రతి నెలా అదే తేదీన పున్నమి వచ్చే లోకంలో గణకుడితో ఎవరికి పని? పశువులు కాసే పిల్లాడు వేళ్లు మడిచి చెప్పేస్తాడు. శేషం లేని చోట గణకుడికి అధికారమే పుట్టదు.

మన పంచాంగం చూడండి. చాంద్రమాసం సగటున ఇరవై తొమ్మిదిన్నర రోజులు. పన్నెండు నెలలకు 354. రుతువులను నడిపే సూర్యుడికి 365 దాటాలి. ఏటా మిగిలే పదకొండు రోజులను సర్దడానికే రెండున్నర, మూడేళ్లకోసారి అధిక మాసం వస్తుంది. తిథి కూడా రోజుతో సరిపోదు. అది సుమారు 20 నుంచి 26 గంటల మధ్య ఎంతైనా ఉండొచ్చు. అందుకే పండుగ ఈరోజా రేపా అన్న వాదం తరచూ లేస్తుంది, సిద్ధాంతుల మాటకు విలువ వస్తుంది.

అంతేకాదు, మన ఊళ్లలో కాలాన్ని ఒకే లెక్కతో ఎవరూ కొలవరు. పండుగకు తిథి చూస్తారు. సేద్యానికి కార్తె చూస్తారు. అది సూర్యుడు ఏ నక్షత్రంలో ఉన్నాడన్న లెక్క, ఒక్కోటి పదమూడు, పద్నాలుగు రోజులు. రోహిణిలో రోళ్లు పగులుతాయంటారు, మృగశిర వస్తే వానకు ఎదురుచూస్తారు. రెవెన్యూ లెక్కల్లో ఫసలీ సంవత్సరం జులై 1న మొదలవుతుంది. జీతానికి ఇంగ్లిష్ తేదీ. ఇన్ని లెక్కల మధ్య పెరిగిన నేనే రాజుకూ రైతుకూ గుడికీ కలిపి ఒకటే క్యాలెండర్ తగిలించాను. పది రోజుల వారం పెట్టినప్పుడూ కూలివాడు ఎన్నాళ్లకోసారి నడుం వాలుస్తాడని ఆలోచించలేదు. ఫ్రెంచి విప్లవకారులు 1793లో పది రోజుల వారం తెస్తే జనం పాత ఆదివారాన్ని వదల్లేదు. 1806 జనవరి 1 నుంచి నెపోలియన్ పాత క్యాలెండర్‌నే మళ్లీ అమలులో పెట్టాడు.

టోల్కీన్ నవలలోని హాబిట్లనే జాతికీ నెలకు 30 రోజుల చొప్పున పన్నెండు నెలలే. కానీ మిగిలిన ఐదు రోజులను ఆయన దాచేయలేదు. ఏ నెలకూ చెందని యూల్ రోజులు రెండు, లైత్ రోజులు మూడు అని పెట్టి వాటినే పండుగలు చేశాడు. ఆ పుస్తకం ఎన్నోసార్లు తిరగేశాను గానీ ఆ ఐదు రోజుల విలువ నా పట్టిక పాడయ్యాకే తెలిసింది.

తర్వాత జోస్యాన్ని తీసేశాను. పెద్ద చందమామకు ఇరవై తొమ్మిదిన్నర రోజులు ఇచ్చాను. పన్నెండు నెలలకు 354 అయింది. ఏడాదికి ఆరు రోజులు మిగిలాయి. ఐదేళ్లకు అవి ఒక నెల అయ్యాయి. ఆ పదమూడో నెలను ఎప్పుడు కలపాలో మఠం చెప్పాలి. ఏడాది జీతానికి కుదిరిన పాలేరు ఆ నెల కూడా చేయాలి, జీతం మాత్రం పెరగదు. ఆసామి అధిక మాసం తొందరగా రావాలంటాడు, పాలేరు అసలు వద్దంటాడు, గణకులు ఎవరి దగ్గర సొమ్ము తీసుకుంటారన్నది ప్రశ్న. రాజుల కోసం నేను వెతికిన కథ పాలేరు జీతంలో దొరికింది.

కొత్త లోకాలు కట్టే రచయితలకు నా మాట ఒకటే. నెలలకు అందమైన పేర్లు తర్వాత పెట్టుకోవచ్చు. మీ క్యాలెండర్‌లో ఎన్ని రోజులు మిగులుతాయో, ఆ భారం ఎవరి మీద పడుతుందో ముందు తేల్చుకోండి.