మూడు పేపర్లు, ఒకే వార్త

రాజమహేంద్రవరంలో గౌతమీ గ్రంథాలయానికి నేను వెళ్లేసరికే పేపర్ల బల్ల నిండిపోయింది. ఒక పక్క రిటైరైన ఉద్యోగులు, ఇంకో పక్క గ్రూప్స్ పరీక్షలకు చదువుతున్న కుర్రాళ్లు. నా పక్కనున్న పెద్దాయన ఒక పేపర్లో పోలవరం వార్త చదివి, అదే వార్త కోసం రెండో పేపరు తిరగేస్తున్నారు. మొదటిదాంట్లో అది పతాక శీర్షిక. రెండోదాంట్లో లోపలి పేజీలో చిన్న ముక్క.

“ఒక్కటే చదివితే ఒకళ్ల మాటే విన్నట్టండి. మూడూ చూస్తే గానీ ఏం జరిగిందో తేలదు” అన్నారాయన.

వార్తను ఎలా చదవాలో నేర్పడం గురించి ఇప్పుడు ప్రపంచమంతా మాట్లాడుతోంది. యునెస్కో ఏటా అక్టోబరు 24 నుంచి 31 వరకు అందుకోసం ఒక వారమే కేటాయించింది. గోదావరి సీమలో ఆ పని నూరేళ్ల కిందటే మొదలైందని నా నమ్మకం. దాని ఆనవాళ్లు చూడాలనే ఇక్కడికి వచ్చాను.

ఈ గ్రంథాలయం పుట్టుకలోనే ఒక పాఠం ఉంది. వీరేశలింగం పంతులుగారి శిష్యుడు, ‘మానవసేవ’ పత్రిక నడిపిన నాళం కృష్ణారావు, 1898లో తన గురువు వడ్డాది సుబ్బారాయుడి పేరుతో వసురాయ గ్రంథాలయం పెట్టారు. అద్దంకి సత్యనారాయణ శర్మ 1911లో కొక్కొండ వేంకటరత్నం పంతులి పేరు మీద రత్నకవి గ్రంథాలయం స్థాపించారు. ఆ కొక్కొండవారు ‘ఆంధ్ర భాషా సంజీవని’ సంపాదకులు. 1874లో వీరేశలింగంగారు ‘వివేకవర్ధని’ మొదలుపెట్టాక సంఘ సంస్కరణ విషయంలో ఇద్దరికీ పత్రికల్లోనే హోరాహోరీ వాదం నడిచింది. 1920లో ఆ రెండు గ్రంథాలయాలూ కలిసి గౌతమీ గ్రంథాలయమయ్యాయి. వీరేశలింగంగారి శిష్యుడు పెట్టినదీ, ఆయన ప్రత్యర్థి పేరు మోసినదీ ఒకే గొడుగు కిందికి వచ్చాయి. రెండు పక్షాల వాదమూ ఒక్కచోట దొరకడం కంటే పాఠకుడికి కావలసిందేముంది?

ఇక్కడి నుంచి ద్వారపూడి, అనపర్తి మీదుగా బిక్కవోలు వైపు వెళితే కొంకుదురు. గ్రంథాలయోద్యమాన్ని నడిపిన అయ్యంకి వెంకటరమణయ్య 1890లో పుట్టింది ఆ ఊళ్లోనే. ఇరవై ఏళ్ల ప్రాయంలోనే, 1910లో, బందరు నుంచి ‘ఆంధ్రభారతి’ మాసపత్రిక తెచ్చిన మనిషి ఆయన. కానీ ఆయన పత్రికల దగ్గరే ఆగలేదు. చదివేవాళ్లు లేకపోతే అచ్చయిన మాట అటకెక్కుతుంది. చదవడం రానివాడు ఎవరో చెప్పిందే నమ్మాలి. అందుకే ఆయన తన బతుకంతా పాఠకుణ్ణి తయారుచేసే పనికి ధారపోశారు. 1914 ఏప్రిల్ 10న బెజవాడ రామమోహన గ్రంథాలయంలో గ్రంథాలయ ప్రతినిధుల మహాసభ జరిగింది. దానికి చిలకమర్తి లక్ష్మీనరసింహంగారు అధ్యక్షులు. ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘం అక్కడే పుట్టింది. ఆ తర్వాత అయ్యంకివారు ‘గ్రంథాలయ సర్వస్వం’ పత్రిక నడిపారు. 1919లో మద్రాసులో అఖిల భారత గ్రంథాలయ సభ జరిపించారు. ప్రభుత్వం ఆయనకు 1972లో పద్మశ్రీ ఇచ్చింది.

ఆ ఉద్యమంలో కార్యకర్తలు ఊళ్లలో చదువురాని వాళ్లను కూర్చోబెట్టి పత్రిక చదివి వినిపించేవారు. 1935లో పాతూరి నాగభూషణం కృష్ణా డెల్టాలో కాలువ మీద పడవలో పుస్తకాలు తిప్పారు. చదివి వినిపిస్తే నలుగురూ అడుగుతారు. ఇది ఎవరన్నారు, ఎప్పుడు జరిగింది, మన ఊరికి సంబంధం ఏమిటి? వార్తను నిలదీయడం అలా అలవాటవుతుంది.

ఇప్పుడు ప్రతివాడి చేతిలోనూ ఫోనుంది, ప్రశ్నలు అడిగే ఆ నలుగురే పక్కన లేరు. బల్ల దగ్గరున్న ఒక కుర్రాడు పరీక్ష వాయిదా పడిందంటూ వాట్సాప్‌లో వచ్చిన నోటీసు నాకు చూపించాడు. “తేదీ చూడండి సార్, నోటీసు నంబరు లేదు. కమిషన్ వెబ్‌సైట్లో అసలు ఇలాంటిదే లేదు” అన్నాడు. వరద రోజుల్లో ఇక్కడ పుకార్లు ఇంకా ప్రమాదం. ఎక్కడో ఎప్పుడో తీసిన వీడియో పెట్టి గట్టు తెగిందంటే లంక గ్రామాల్లో గుండెలు జారిపోతాయి. ధవళేశ్వరం దగ్గర 11.75 అడుగులకు మొదటి హెచ్చరిక, 13.75కి రెండోది, 17.75కి మూడోది. ఆ అంకెలు తెలిసి, అధికారులు ప్రకటించే నీటిమట్టం చూసుకునేవాడు ఉత్తుత్తి వీడియోకి కంగారుపడడు. నిజమైన హెచ్చరిక వస్తే ఆలస్యమూ చేయడు.

అంతర్జాతీయ గ్రంథాలయ సంఘాల సమాఖ్య 2017లో తప్పుడు వార్తను పట్టుకునే పద్ధతులపై ఒక పోస్టరు తెచ్చింది. మూలం ఏమిటో చూడు, శీర్షిక దాటి చదువు, తేదీ చూడు, నీ అభిమానాలు నీ తీర్పును మారుస్తున్నాయేమో చూసుకో అంటుంది. తేలకపోతే గ్రంథపాలకుణ్ణి అడగమనేది చివరి సలహా. అయ్యంకివారి ఊరు మన పక్కనే ఉండగా ఆ సలహా మనకు కొత్తది కాకూడదు.

ఇంటి పన్నుతో పాటు రూపాయికి ఎనిమిది పైసలు గ్రంథాలయ సెస్సు మనమంతా కడుతున్నాం. ఆ సొమ్ముతో నడిచే శాఖా గ్రంథాలయాలకు వారానికొక పూట హైస్కూలు పిల్లల్ని తీసుకురావాలి. ఒకే వార్తను మూడు పేపర్లలో చదివించాలి. ఏది జరిగిన సంగతో, ఏది రాసినవాడి అభిప్రాయమో, ఎవరి మాట అసలు రాయలేదో వాళ్ల చేత గీతలు గీయించాలి. దీనికి కొత్త భవనం అక్కర్లేదు, కంప్యూటర్లు అక్కర్లేదు. బల్ల ఉంది, పేపర్లు ఉన్నాయి, నేర్పగల పెద్దలు పొద్దున్నే వచ్చి కూర్చుంటున్నారు. పిల్లల్ని వాళ్ల పక్కన కూర్చోబెట్టాల్సింది మనమే.