పిట్టల పుస్తకం పక్కన రాసుకున్నవి

అక్టోబరు 2, దసరా

జమ్మి పూజ అయ్యేసరికి మైదానం గేటు దగ్గర ఒకాయన బోను పట్టుకుని నిలబడ్డాడు. లోపల పాలపిట్ట. పది రూపాయలిస్తే గుడ్డ తొలగించి చూపిస్తున్నాడు. రెక్కలకు ఏం పూశాడో, కొనలు అంటుకుపోయి ఉన్నాయి. దసరా నాడు పాలపిట్ట కంటపడితే మంచిదని జనం వరస కట్టారు. మా అన్న కూతురు నా చెయ్యి లాగి అడిగింది: "బాబాయ్, బోనులో చూసినా లెక్కలోకొస్తుందా?" అడవి పిట్టను పట్టి బంధించడం నేరమని ఆయనకు చెప్పాను. గుడ్డ కప్పుకుని అవతలి గేటుకు వెళ్ళాడు, అంతే.

సాయంత్రం ఊరి బయట కరెంటు తీగ మీద ఒకటి కనబడింది. కూర్చున్నంతసేపు పెద్ద తల, మట్టిరంగు ఛాతీ, అంతకు మించి ఏం లేదు. మా పిల్ల పెదవి విరిచింది. అది మిడత కోసం కిందికి దూకి రెక్కలు విప్పిందో లేదో "అబ్బో!" అంది. ఆ నీలం రంగు పూత కాదు. ఈక లోపలి అతి సూక్ష్మమైన అల్లిక వెలుతురును చెదరగొట్టి నీలాన్ని మన కంటికి పంపుతుంది. ఈకను మెత్తగా నూరేస్తే నీలం మాయం. తెలంగాణ రాష్ట్ర పక్షి ఇదే. రాష్ట్రం రెండయ్యాక ఆంధ్రప్రదేశ్ రామచిలుకను ఎంచుకుంది.

అక్టోబరు 5

ప్రచురణకర్త జాబితా పంపాడు. పైన శీర్షిక: పిల్లల కోసం వింత పక్షులు. కింద పెంగ్విన్, ఆస్ట్రిచ్, కివి, టూకాన్, హమ్మింగ్‌బర్డ్. బొమ్మలు అదిరిపోతాయట. అదురుతాయి, కాదనను. కానీ పుస్తకం చదివిన పిల్ల మర్నాడు పొద్దున కిటికీ తీస్తే అందులో ఒక్కటీ ఉండదు. నా షరతు ఒకటే: ప్రతి పిట్టా ఆర్టీసీ బస్సు వెళ్ళే దూరంలో ఉండాలి. రాత్రి పూట అడవిలో తిరిగే కలివికోడి ఒక్కదానికే మినహాయింపు.

హమ్మింగ్‌బర్డ్‌లు అమెరికా ఖండాలు దాటి ఎక్కడా లేవు. మన ఇంటి మందారం మీదికొచ్చేది తేనెపిట్ట. చాలాసార్లు కొమ్మనో కాడనో పట్టుకునే తాగుతుంది. పూవు గొట్టం మరీ పొడవైతే అడుగున కన్నం పొడిచి తేనె లాగేస్తుంది. పుప్పొడి అంటించుకోకుండా తాగిపోయే ఈ దొంగకు ఒక పేజీ ఇవ్వాల్సిందే.

అక్టోబరు 19

చెరువు గట్టు. ఆదివారం కాబట్టి వీధి పిల్లలంతా వెంట పడ్డారు. నీళ్ళు నిలిచిన మడిలో నత్తగుల్ల కొంగలు. ముక్కు మూసినా మధ్యలో సందు మిగిలిపోతుంది, అవతలి వెలుతురు కనబడేటంత. "దానికి దెబ్బ తగిలిందా సార్?" అని ఒకడు. "కాదురా, అడకత్తెర. నత్తల్ని పగలగొట్టడానికి" అని ఇంకోడు. చాలామంది పెద్దవాళ్ళూ అదే అనుకున్నారు.

చెప్పేసేవాణ్ణే, మా అన్న కూతురు అప్పటికే గట్టు దిగి ఖాళీ గుల్లలు ఏరుతోంది. బురద కడిగి చూశాం. ఒక్కటీ పగల్లేదు. అంచు కాస్త చిట్లిందేమో, లోపల మాత్రం శుభ్రం. కొంగ ఈ నత్తను పగలగొట్టదు. కింది ముక్కు కొనను గుల్ల మూత సందులోకి దూర్చి, లోపలి కండను కోసి, ఒంటిని బయటికి లాగుతుంది. పిల్ల కొంగలకు ఆ సందు ఉండదు, పెరిగేకొద్దీ వస్తుంది. ఈ రెండో సంగతి చెప్పగానే అందరూ మడిలో పిల్ల కొంగ కోసం వెతకడం మొదలెట్టారు. ఇంతకన్నా మంచి పాఠం నేను రాయలేను.

గుల్ల ఒకటి జేబులో వేసుకున్నవాడి చొక్కా రేపటికి కంపు కొడుతుంది. వాళ్ళమ్మ నన్నే అంటుంది.

నవంబరు 12

పక్షి శాస్త్రవేత్త సాలిం అలీ పుట్టినరోజు (1896). బడిలో పది నిమిషాలు మాట్లాడమన్నారు. ఎయిర్‌గన్‌తో పిచ్చుకను కొట్టిన సంగతి చెప్పొద్దని ముందే ఒక టీచరమ్మ సలహా. చెప్పాను. దాన్ని తీసేస్తే ఆయన కథే లేదు. కొట్టిన పిచ్చుక గొంతు మీద పసుపు మచ్చ ఉంది. అదేమిటని పెద్దల్ని అడిగాడు. వాళ్ళు బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీకి పంపారు. అక్కడ మిల్లర్డ్ అనే దొర సొరుగులు లాగి వరసలు వరసలుగా పక్షుల నమూనాలు చూపించాడు. ఆ రోజు ఆ దొర "తర్వాత రా, పనుంది" అని ఉంటే? ఈ ప్రశ్న పిల్లల కోసం కాదు, టీచర్ల కోసం వేశాను.

1931, 32లో ఆయన నిజాం రాజ్యమంతా తిరిగి పక్షుల లెక్క తీశాడన్నది పిల్లల్లో ఒక్కరికీ తెలియదు. పెద్దల్లోనూ.

నవంబరు 23

బైనాక్యులర్స్ కొనిపెట్టమని తండ్రులు అడుగుతున్నారు. కొంటే 8x42 చాలు. ఎక్కువ పెద్దగా చూపిస్తుందని 10 రెట్లది కొంటే చిన్న చేతుల్లో పిట్ట కన్నా వణుకే ఎక్కువ కనబడుతుంది. పిట్ట మీద చూపు తిప్పకుండా దుర్భిణిని కళ్ళ దగ్గరికి తెచ్చుకోవాలి. అందరూ తల దించి దాన్ని సర్దుకుని మళ్ళీ వెతుకుతారు, ఈలోగా పిట్ట పక్క ఊరికి చేరుతుంది.

కొనలేనివాళ్ళకు లోటేం లేదు. పుస్తకం, పెన్సిలు, మట్టిరంగు చొక్కా. గూడు కనబడితే దూరం నుంచే, ఫొటో వాట్సాప్‌లో పెట్టకూడదు. రికార్డు చేసిన కూత వినిపించి పిట్టను రప్పించకూడదు. మన సరదా కోసం, లేని శత్రువుతో దాన్ని పోట్లాటకు దింపడమే అది.

డిసెంబరు 28

నేలపట్టు. దొరవారిసత్రం దాటి లోపలికి వెళ్ళాక ముందు వాసన వస్తుంది, తర్వాత చప్పుడు, ఆ తర్వాత చెట్టు కనబడుతుంది. చెరువు నీళ్ళలో నిలబడ్డ కడప చెట్ల మీద గూడబాతులు. ఈశాన్య రుతుపవనం వానలకు చెరువు నిండాలి, చెట్ల మొదళ్ళు మునగాలి, అప్పుడే ఇవి గూళ్ళు కడతాయి. చుట్టూ నీళ్ళుంటే పిల్లులూ నక్కలూ రావు.

గట్టు మీద మా ముందు నడిచే కుటుంబంలో నాన్న పిల్లాడికి చెబుతున్నాడు: "ఇవన్నీ సైబీరియా నుంచి వచ్చాయి." ఈ మాట రాష్ట్రమంతా ఉంది. తేలినీలాపురంలో ఎర్రకాళ్ళ కొంగలనూ అంటారు, పేపర్లు ఏటా రాస్తాయి. గూడబాతు గానీ, ఎర్రకాళ్ళ కొంగ గానీ సైబీరియా మొహం చూసినవి కావు. నీళ్ళు, చేపలు ఎక్కడుంటే అక్కడికి దేశంలోనే తిరిగే మన పిట్టలు. బయటి నుంచి వచ్చే బాతులూ ఉన్నాయి, చెరువులో ఈదేవాటిలో కొన్ని అవే. కానీ దూరం నుంచి వస్తేనే గొప్పా?

ఒక గూడబాతు పిల్ల తల్లి గొంతులోకి తలను భుజాల దాకా దూర్చింది. మా పిల్ల కేక పెట్టింది, మింగేస్తోందని. తల్లి గొంతులో సగం అరిగిన చేపలుంటాయి, పిల్ల అక్కడే భోంచేస్తుంది. ముక్కు కింది సంచీ చేపల్ని దాచుకోవడానికన్న మాట కూడా సరి కాదు. నీళ్ళతో సహా చేపను తోడుకోవడానికి అది వల. నీళ్ళు వంపేసి మింగేస్తుంది.

ఇక్కడి రైతులకు ఈ పిట్టలంటే గిట్టకపోవడమన్నది లేదు. రెట్ట పడ్డ చెరువు నీళ్ళు పొలానికి పారితే ఎరువు కలిసినట్టే.

అదే రోజు, రాత్రి

సూళ్ళూరుపేట నుంచి శ్రీహరికోట రోడ్డు పులికాట్ సరస్సును చీల్చుకుంటూ పోతుంది. రెండు వైపులా ఫ్లెమింగోలు. తల కిందులుగా పెట్టి తింటాయి, ముక్కు అందుకు తగ్గట్టే వంకర తిరిగి ఉంటుంది. నాలుకతో బురద నీళ్ళు లోపలికీ బయటికీ కొట్టి, ముక్కు అంచుల జల్లెడలో చిక్కినదాన్ని మింగుతాయి. గులాబీ రంగు తిండి నుంచి వచ్చేదే. పిల్లలు బూడిద రంగులో ఉంటాయి.

"మోకాలు వెనక్కి వంగిందేంటి బాబాయ్?" అది మోకాలు కాదు, చీలమండ. మోకాలు పైన ఈకల్లో దాగి ఉంటుంది. తిరిగొచ్చేటప్పుడు బస్సులో ఇద్దరు పిల్లలు మునివేళ్ళ మీద నడిచి చూపించారు. కండక్టరు కూర్చోమన్నాడు.

జనవరి 18

సంక్రాంతికి కడప వైపు బంధువుల ఇంటికి వచ్చాం. ఇక్కడి నుంచి కలివికోడి దొరికిన లంకమల కొండలు కనబడతాయి. కలివికోడి పేజీ ఇక్కడే కూర్చుని రాయాలని పట్టుదల.

1848లో శాస్త్రలోకానికి తెలిసింది, జెర్డన్ అనే ఆంగ్లేయ వైద్యుడి వల్ల. 1900లో చివరిసారి చూశారు. ఆ తర్వాత ఎనభై ఏళ్ళకు పైగా జాడ లేదు, పోయిందనే అనుకున్నారు. 1986 జనవరిలో రెడ్డిపల్లి దగ్గర దొరికింది. బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీ తరఫున భరత్ భూషణ్ ఊళ్ళలో తిరిగి అడుగుతుంటే, పిట్టలు పట్టే ఐతన్న ఒక రాత్రి పట్టుకొచ్చాడు. వృద్ధాప్యంలో ఉన్న సాలిం అలీ ఆ కబురు విని కడప దాకా వచ్చాడు. పాపం, ఆ పిట్ట బతకలేదు. 1988లో తపాలా శాఖ స్టాంపు వేసింది. లంకమల్లేశ్వర అభయారణ్యం ఏర్పడింది.

తీతువు కన్నా చిన్నది. గొంతు కింద కాషాయపు మచ్చ, ఛాతీ మీద రెండు గోధుమ పట్టీలు, పెద్ద కళ్ళు. రాత్రి పూట ముళ్ళ పొదల మధ్య ఖాళీ నేల మీద పరిగెడుతుంది. పగలు వెతికేవాడికి దొరకనిది అందుకే. ఆ పొదలు మరీ దట్టమైనా పనికిరాదు, మరీ పలచనైనా పనికిరాదు. పశువులు కాస్త మేసే చోటే దానికి నచ్చుతుందని తేలింది. తర్వాత వచ్చిన పరిశోధకులు పొదల మధ్య మెత్తటి మట్టి పరిచి, తెల్లారి పాదముద్రలు చూసుకునేవాళ్ళు. దాని నేల మీదుగా తెలుగుగంగ కాలువ తవ్వబోతే వివాదమైంది.

ముందు రాసిన ముసాయిదాలో ఐతన్నది ఒక వాక్యం, మిగతా వాళ్ళవి నాలుగు. చదివి వినిపిస్తే అన్న కూతురు అంది: "మరి పట్టింది ఆయనే కదా?" వాక్యాల లెక్క తిరగేశాను. చదువుకున్నవాళ్ళు ఎనభై ఏళ్ళుగా లేదన్న పిట్ట, రాత్రుళ్ళు ఆ అడవిలో తిరిగేవాడికి ఉంది. పిల్లలకు ఈ సంగతి పిట్ట ఈకల రంగు కన్నా ముందు తెలియాలి.

పుస్తకంలో దీని పక్కనే బట్టమేక పిట్టను పెట్టాలి. రోళ్ళపాడు గడ్డి మైదానాలు ఒకప్పుడు దాని చిరునామా. కళ్ళు తలకు పక్కలకుంటాయి, ఎదురుగా సరిగా కనబడదు, కరెంటు తీగలకు తగిలి చస్తుంది. అభయారణ్యం బోర్డు మీద ఇంకా దాని బొమ్మే.

ఫిబ్రవరి 14

గ్రేట్ బ్యాక్‌యార్డ్ బర్డ్ కౌంట్. నాలుగు రోజులు, ప్రపంచంలో ఎక్కడున్నా కనీసం 15 నిమిషాలు నిలబడి కనబడ్డ పిట్టల్ని లెక్కపెట్టి ఈబర్డ్ వెబ్‌సైట్‌లో ఎక్కించాలి. 1998లో అమెరికాలో మొదలైంది, 2013 నుంచి మన దేశంలోనూ.

మేడ మీద ఆరుగురు పిల్లలు. గొడవ ఒకటే, కాకిని కూడా రాయాలా? రాయాలి. అందరూ కాకిని వదిలేస్తే, కాకులు తగ్గినప్పుడు ఆ సంగతి చెప్పే కాగితం ఎక్కడా ఉండదు. పిచ్చుకలకు అదే జరిగింది. పోయాయని అందరూ అన్నారు, అంతకుముందు ఎన్నున్నాయో ఎవరి దగ్గరా లేదు.

ఎనిమిదో తరగతి వాడి ఫోనులో మెర్లిన్ యాప్. కూత వినగానే పేరు చూపిస్తుంది. వాడు తల ఎత్తకుండానే చాలా పేర్లు రాసేశాడు. ఫోను లాక్కుని, ఏ పిట్ట తోక ఊపిందో చెప్పమన్నాను. కాసేపు అలిగాడు. యాప్ మంచిదే, నేనూ వాడతాను. చూసిన తర్వాత.

మార్చి 15

నల్లటి ఒళ్ళు, ఎర్రటి కన్ను, కుహూ అంటూ ప్రాణం తీస్తున్నది మగది. ఆడ కోయిల గోధుమ రంగు మీద తెల్ల చుక్కలతో ఆకుల్లో దాగి ఉంటుంది, అరుపు "కిక్ కిక్". గాయనిని కోయిల అని పిలవొద్దని అనను గానీ, పుస్తకంలో బొమ్మ మాత్రం సరిగ్గా వేయించాలి.

మార్చి 22

కొత్త లేఅవుట్లో, కంకర రాళ్ళ మధ్య తీతువు గూడు. గూడంటే చిన్న పల్లం, చుట్టూ నాలుగు గులకరాళ్ళు. సన్నటి కొనలు లోపలికి తిప్పి నాలుగు గుడ్లు. రెండడుగుల దూరంలో నిలబడి కూడా పిల్లలు రాళ్ళనే చూస్తున్నారు.

పక్కింటి అవ్వ అంది: "అది కూస్తే చావు కబురే నాయనా, దానికి పుస్తకంలో చోటెందుకు?" నా అనుమానం వేరు. నేల మీద గుడ్లు పెట్టే పిట్ట, అర్ధరాత్రి ఎవరు నడిచినా అరుస్తుంది. ఊళ్ళో ఎవరికైనా ప్రాణం మీదికొస్తే ఆ రాత్రి జనం పొలాల గట్ల మీద అటూ ఇటూ తిరుగుతారు. తెల్లారి కబురు, రాత్రి కూత. ఏది ముందో ఏది వెనకో తారుమారైంది. అవ్వ విని, "ఏమో, మా మామ పోయినప్పుడూ కూసింది" అంది. మేం గట్టు మీదుగానే కాటికి వెళ్ళామని తనే తర్వాత చెప్పింది.

ప్లాటు యజమాని మంచివాడు. నెలాఖరు దాకా ట్రాక్టరు తేనన్నాడు.

ఏప్రిల్ 5

మధ్యాహ్నం ఎండలో గుడ్ల మీద కూర్చోవడం వెచ్చదనానికి కాదు, నీడకు. దూరం నుంచి దుర్భిణితో చూశాం. ఒకటి లేచి వెళ్ళి మురుగు కాలువలో కూర్చుని పొట్ట అటూ ఇటూ ఊపింది. తడి ఈకలతో తిరిగొచ్చి గుడ్ల మీద వాలింది. చల్లార్చుతోంది. పిల్లలు టైము రాసుకున్నారు.

ఏప్రిల్ 12

పల్లం ఖాళీ. పెంకు ముక్కలైనా లేవు. మా అన్న కూతురికి కోపం: "కుక్క తినేసింది." ఈ పిట్ట పిల్లలు పుట్టిన రోజే నడుస్తాయి. పెంకుల్ని అమ్మానాన్నలు దూరంగా పడేస్తాయి, లోపలి తెలుపు కాకుల కంట పడుతుందని. చెబుతుండగానే ఒక తీతువు తల మీదికి దూసుకొచ్చి అరవడం మొదలెట్టింది. పిల్లలు ఇక్కడే ఎక్కడో రాళ్ళలో అణిగి ఉన్నాయన్నమాట. కిందికి చూసుకుని అడుగేయమని, వచ్చిన దారినే అందర్నీ వెనక్కి నడిపించాను.

చిత్రకారుడికి ఫోను చేయాలి, తీతువు పేజీలో గుడ్లను మరీ పెద్దగా వేశాడు.