సీసా కాదు... జాడీ!

తెలుగు సినిమాలో సీసా కనపడిందంటే ప్రేక్షకుడికి ఇక చెప్పక్కర్లేదు. 1953లో వేదాంతం రాఘవయ్యగారి దర్శకత్వంలో అక్కినేని 'దేవదాసు'గా దాన్ని చేతబట్టినప్పటి నుంచీ మన వెండితెర మీద మందుకు మూడే ఉద్యోగాలు. ప్రేమ విఫలమైన హీరోకి దుఃఖం, విలన్‌కి దర్జా, హాస్యనటుడికి చప్పట్లు. అంతకు మించి దానికో వేషం ఇచ్చినవాళ్లు తక్కువ. ఇక ఇంట్లో ఆడవాళ్లు కూర్చుని, పెరట్లో కాయలు కోసుకొచ్చి, మద్యంలో ఊరేసి, మూత మీద తేదీ రాసి దాచుకోవడమా? మన కథా రచయితలకు తట్టదు. తట్టినా నిర్మాత ఒప్పుకోడు లెండి!

అలాంటి సినిమా ఒకటి జపాన్‌లో వచ్చింది. 2015లో హిరోకాజు కొరెయెదా తీసిన 'ఉమిమాచి డైరీ'. బయటి దేశాల్లో 'అవర్ లిటిల్ సిస్టర్' అన్నారు. అకిమి యోషిదా గీసిన బొమ్మల నవల దానికి ఆధారం. ఆ ఏడాది కాన్ ఉత్సవంలో పోటీ విభాగానికి వెళ్లింది, ఆ తర్వాత స్వదేశంలో జపాన్ అకాడమీ ఉత్తమ చిత్రం బహుమతి కొట్టేసింది. కామకురా అనే సముద్రపు ఒడ్డు పట్నంలో ఓ పాత చెక్క ఇల్లు. అందులో ముగ్గురు అక్కచెల్లెళ్లు. తండ్రి ఎప్పుడో ఇంకొకావిడతో వెళ్లిపోయాడు. తల్లీ వీళ్లని అమ్మమ్మకి వదిలేసి తన దారి తాను చూసుకుంది. తండ్రి పోయాడని కబురొస్తే కర్మకాండకు వెళ్లినవాళ్లు అక్కడ సవతి చెల్లెల్ని చూసి, ఇంటికి తెచ్చుకుంటారు. కథ అంతే. ఫైట్లు లేవు, క్లైమాక్స్‌లో కన్నీళ్ల వరదా లేదు.

కానీ పెరట్లో ఒక ఉమే చెట్టుంది. ఏటా ఆ కాయలు కోసి మద్యంలో ఊరేస్తారు. దాన్నే 'ఉమేషు' అంటారు. అమ్మమ్మ పోసిన జాడీ ఇంకా ఇంట్లో ఉంటుంది. ఏళ్ల తరబడి తల్లితో మాట పడని పెద్దమ్మాయి (హరుకా అయాసే), తల్లి తిరిగి వెళ్లిపోయే వేళ పరుగున ఇంటికెళ్లి ఆ అమ్మమ్మ చేతి ఉమేషు తెచ్చి ఇస్తుంది. క్షమించానని ఒక్క డైలాగు లేదు. మన దగ్గరయితే కనీసం నాలుగు పేజీలు రాసేవారు!

ఆ సినిమా నేను హైదరాబాద్‌లో ఒంటరిగా చూశాను. బాగుందనుకున్నాను. ఆ జాడీ సంగతి మటుకు మర్చిపోయాను, అది నిజంగా నా ముందుకొచ్చేదాకా.

2023 జూన్‌లో మా చెల్లెలి కాన్పుకని అమ్మను తీసుకుని జపాన్ వెళ్లవలసి వచ్చింది. మా బావ ఉద్యోగం రీత్యా వాళ్లు యోకొహామా శివార్లలో ఉంటారు. అమ్మకు నెల్లూరు దాటితే తిరుపతి, తిరుపతి దాటితే మద్రాసు. అంతకు మించి భూగోళం లేదు. ఆమెను దించి, ఇరవై రోజులుండి రావడం నా డ్యూటీ. మేం దిగేసరికి వాన. నాలుగు రోజులు కదలని వాన. ఆ వానాకాలానికి వాళ్లు రాసుకునే అక్షరాలకు అర్థం 'ఉమే వాన' అని చెల్లెలు చెప్పింది. ఉమే కాయలు పక్వానికొచ్చే కాలమన్నమాట.

పక్కింటావిడకు డెబ్భై దాటాయి. ఒంటరి మనిషి. ఆవిడ మనవరాలు 2022లో 'ఆర్ ఆర్ ఆర్' చూసిన దగ్గర్నుంచీ తెలుగువాళ్లంటే ఆ ఇంట్లో ఒక మర్యాద. (రాజమౌళిగారు ఎక్కడెక్కడ మనకి చుట్టరికాలు కలిపారో ఆయనకే తెలీదు!) ఒక ఉదయం ఆవిడ వెదురు చేటలో ఆకుపచ్చ కాయలు పోసుకుని మెట్ల మీద కూర్చుంది. పక్కన పెద్ద గాజు జాడీ. అది చూసి అమ్మ ఆగలేకపోయింది. భాష లేదు, పేరు తెలీదు, వెళ్లి ఎదురుగా బాసింపట్టు వేసుకుని కూర్చుంది. ఊరగాయ పనికి భాషెందుకు?

కాయ పెద్ద ఉసిరికాయంత ఉంటుంది. పైన సన్నటి నూగు. దాన్ని ఇంగ్లీషులో ప్లమ్ అంటారు గానీ నిజానికి ఆప్రికాట్‌కు దగ్గర చుట్టం. ఒక్క వకయామా జిల్లాలోనే ఆ దేశపు పంటలో సగానికి పైగా పండుతుందట. ఊరేయడానికి గట్టి పచ్చికాయే కావాలి. కడిగి, గుడ్డతో ఒక్కొక్కటీ తుడిచి ఆరబెట్టాలి. తడి ఉంటే బూజు. ముచ్చిక దగ్గర నల్లటి తొడిమె ముక్కను వెదురు పుల్లతో పైకి లాగెయ్యాలి. అది ఉంటే చేదు. ఇంతవరకూ మా అమ్మకు ఎవరూ నేర్పక్కర్లేదు. ఆవిడ ఒక కాయ తీసేలోపు అమ్మ మూడు తీసేసింది.

తర్వాత జాడీలో ఒక వరస కాయలు, ఒక వరస పటికబెల్లం. కిలో కాయలకు అరకిలో నుంచి కిలో దాకా, ఎవరి తీపి వాళ్లది. మామూలు పంచదార కాకుండా పటికబెల్లమే ఎందుకంటే అది మెల్లిగా కరుగుతుంది. మొదట మద్యం కాయలోకి దిగుతుంది. తర్వాత చుట్టూ తీపి చిక్కబడేకొద్దీ అదే రసాన్ని బయటికి లాగుతుంది. వాసనా పులుపూ మద్యంలోకి వచ్చేస్తాయి. కాయ ముడతలు పడిపోతుంది. పంచదార గబుక్కున కరిగితే కాయలోకి దిగేది దిగకముందే రసం బయటికొచ్చి ముడుచుకుపోతుందంటారు. గింజలోంచి బాదం వాసన కూడా వస్తుంది. ఆ గింజలోనూ పచ్చికాయలోనూ విషమయ్యే గుణం కొంత ఉంటుంది కాబట్టి పచ్చిది కొరకనివ్వరు. నానేకొద్దీ అది విరిగిపోతుంది.

ఆవిడ అట్టపెట్టె మూత తిప్పింది. కిలో కాయలకు ఒకటీ పాయింట్ ఎనిమిది లీటర్ల రంగులేని మద్యం, 35 శాతం ఘాటుది. జాడీలోకి పోస్తుంటే గుప్పుమంది.

అమ్మ లేచింది. చేతులు చీరకి తుడుచుకుంది.

"ఏందిరా ఈ వాసన?" అంది నాతో, తెలిసే.

లోపలికెళ్లి తలుపేసుకుంది.

ఇక్కడ కాస్త మా ఇంటి సంగతి చెప్పాలి. మాది నెల్లూరు జిల్లా. మా నాయన లారీ డ్రైవరు. 1992లో నాకు మూడేళ్లు. కలిగిరి దగ్గర దూబగుంటలో వర్ధినేని రోశమ్మగారితో రగిలిన సారా వ్యతిరేకోద్యమం ఆ ఏడు జిల్లా అంతా అంటుకుంది. రాత్రి బడుల్లో నాలుగు అక్షరాలు నేర్చుకున్న ఆడవాళ్లు చీపుళ్లూ కారప్పొడీ పట్టుకుని సారా అంగళ్లకు అడ్డం నిలబడ్డారు. వేలంపాటలు జరగనివ్వలేదు. చిత్రమేమిటంటే ఆ సారా దొంగసారా కాదు. 'వారుణి వాహిని' అని పేరుపెట్టి సర్కారే పొట్లాలు కట్టి ఊరూరికీ పంపిన సరుకు. 1993 అక్టోబరు 1న సారా నిషేధం వచ్చింది. 1995 జనవరిలో మొత్తం మద్యనిషేధం. అదీ 1997లో సడలిపోయింది. ఆ ఉద్యమంలో మా అమ్మ పేరు ఏ పేపర్లోనూ పడలేదు. మా ఊరి అంగడి ముందు నన్ను చంకనేసుకుని రెండు రాత్రులు కూర్చున్న మనిషి మాత్రం ఆమే. అంగడి మూతపడింది. నాయన మాత్రం పక్క ఊరికి పోయి తాగాడు. 2001లో ఆస్పత్రి మంచం మీద పోయాడు, కడుపు నిండా నీళ్లతో. ఆ ఆఖరి నెలలో ఇంటినిండా ఉన్న వాసన అమ్మకు ఇంకా ముక్కులోనే ఉంది.

అది ఆ పక్కింటావిడకు ఎవరు చెబుతారు? చెల్లెలు పూర్తినెలలతో కూడా మెట్లు దిగివెళ్లి, వచ్చిన జపానీస్‌లో ఏదో చెప్పింది. ఆవిడ తలవంచి విని, ఏమీ అనలేదు. జాడీ మూత బిగించి, కాగితం మీద తేదీ రాసి అంటించింది.

మర్నాడు పొద్దున మా తలుపు ముందు ఇంకో జాడీ ఉంది. చిన్నది. అందులో ఉమే కాయలూ పటికబెల్లమూ, రెండూ సమపాళ్లు. ఒక్క చుక్క మద్యం లేదు. రోజుకు రెండుసార్లు జాడీని పక్కలకు ఊపాలని చేతులతో అభినయించి చూపింది. రెండు మూడు వారాల్లో కాయలు ముడుచుకుని, జాడీలో పానకం ఊరుతుంది. చల్లటి నీళ్లలో కలిపి పిల్లలకిస్తారట. ఊపకపోతే పైన తేలిన కాయలు పులిసిపోతాయి. అమ్మ దాన్ని తీసుకెళ్లి పొయ్యి గట్టు మీద పెట్టుకుంది. రోజూ ఊపింది. పసిపిల్లను ఊపుతూ జాడీనీ, జాడీని ఊపుతూ పసిపిల్లనూ!

వారం తిరక్కుండా ఇద్దరూ మళ్లీ మెట్ల మీద కూర్చున్నారు. మధ్యలో చెల్లెలు దుబాసీ. ఆవిడ భర్త బతికున్నప్పుడు రాత్రి భోజనానికి ముందు ఈ ఉమేషు ఒక చిన్న గ్లాసు తాగేవాడట. ఆయన పోయాక కూడా ఆవిడ ఏటా పోస్తూనే ఉంది. అమ్మ విని, "ఒక్క గ్లాసేనా? సరిగ్గా అడుగు" అంది. చెల్లెలు మళ్లీ అడిగింది. ఆవిడ వేలెత్తి చూపింది, ఒక్కటి. అమ్మ చాలాసేపు ఆ వేలు చూస్తూ ఉండిపోయింది.

"సంవత్సరం ఆగి తాగేటోడు తాగుబోతెట్టా అవుతాడురా?" అంది రాత్రి అన్నం తింటూ.

నాకు ఆ మాట బాగుంది గానీ ఒప్పుకోలేను. అదే దేశంలో ఆఖరి రైలు దిగి, ప్లాట్‌ఫారం మీద టై వదులు చేసుకుని సోలిపోయిన పెద్దమనుషుల్ని ఈ కళ్లతో చూశాను. జాడీ ఉన్నంత మాత్రాన ఊరు బాగుపడదు. అయితే తయారుచేసినవాళ్ల చేయీ, కాయ వచ్చిన చెట్టూ, పోసిన తేదీ తెలిసిన గ్లాసు వేరు, రోడ్డు పక్క పంటితో చింపి పారేసే పొట్లం వేరు. మా నాయన తాగిన దానికి చెట్టూ లేదు, తేదీ లేదు.

చట్టం గురించి కూడా చెప్పాలి, లేకపోతే ఎవరైనా చదివి రేపే జాడీ కడగడం మొదలుపెడతారు! మన రాష్ట్రాల ఎక్సైజు చట్టాల దారి వేరు. ఇంట్లో సారా కాస్తే నేరుగా జైలే. జపాన్‌లోనూ ఇది మొదటి నుంచీ అనుమతి ఉన్న పనేం కాదు. 1962లో మద్యం పన్ను చట్టాన్ని సవరించాకే ఇంటి వాడకానికి ఊరేసుకోవచ్చన్నారు. అదీ షరతులతో. పోసే మద్యం 20 శాతం లేదా అంతకు మించిన ఘాటుతో, పన్ను కట్టినదై ఉండాలి. ద్రాక్ష వెయ్యకూడదు. బియ్యం, బార్లీ లాంటి ధాన్యాలు వెయ్యకూడదు. అమ్మకూడదు. ఎందుకంటే ఘాటు తక్కువైతే పులిసి కొత్త మద్యం పుడుతుంది. కొత్త మద్యం పుడితే కొత్త పన్ను! 2007లో ఒక టీవీ వంటల కార్యక్రమంలో మిరిన్ అనే తక్కువ ఘాటు తీపి వంట మద్యంతో ఉమేషు చేసి చూపించారు. అది చట్టానికి విరుద్ధమని తేలి క్షమాపణ చెప్పుకోవాల్సి వచ్చింది. సర్కారు ఎక్కడైనా సర్కారే.

ఆ జూన్‌లో పోసింది రుచి చూడాలంటే కనీసం మూడు నెలలు. అసలు రుచి ఏడాదికి. నేను ఇరవై రోజులకే వచ్చేశాను. అమ్మ మూడు నెలల వీసా అయ్యాక పానకం సీసా ఒకటి సంచిలో పెట్టుకుని వచ్చింది. నెల్లూరు ఎండల్లో ఇంటికొచ్చినవాళ్లందరికీ చెంచా లెక్కన కలిపి ఇచ్చి, పేరు నోరు తిరక్క, "జపాన్ మామిడి" అని చెప్పింది. వారంలో అయిపోయింది.

2024 జూన్‌లో చెల్లెలు ఫోన్‌లో ఫోటో పంపింది. పక్కింటావిడ జాడీ మూత తీసింది. నీళ్లలా పోసినది లేత బెల్లం పాకం రంగుకొచ్చింది. అడుగున కాయలు ముడుచుకుని ఉన్నాయి. అమ్మ కళ్లజోడు పెట్టుకుని ఫోటోను పెద్దది చేయించుకుని చూసింది. రుచెలా ఉందని అడగలేదు.

"ఆ అడుగున కాయలు పారేస్తారా ఏందే?" అంది ఫోన్‌లో.

పారెయ్యరని, గింజ తీసి జామ్ చేస్తారని, కొందరు అలాగే తింటారని చెప్పింది చెల్లెలు.

"అంతేలే. ఊరిన ముక్క ఎవరు పారేసుకుంటారు" అని, పాప సంగతులు అడగడం మొదలుపెట్టింది.